సినిమా కంటే ముందే శిల్పం: జీనా లొల్లోబ్రిజిదా

[తెర మీద: ఎస్మెరాల్డా వేషంలో జీనా. పక్కన కంచు ఎస్మెరాల్డా.]

ఈ రెండు ఎస్మెరాల్డాలూ ఒకే మనిషివి. 1956లో 'ది హంచ్‌బ్యాక్ ఆఫ్ నోత్ర్ దామ్' సినిమాలో నటుడు ఆంథొనీ క్విన్ పక్కన ఆ పాత్ర వేసింది ఇటలీ నటి జీనా లొల్లోబ్రిజిదా. ఎన్నో ఏళ్ల తర్వాత అదే పాత్రను తనే కంచు బొమ్మగా చేసుకుంది. వయసు మీద పడ్డాక పట్టిన సరదా అనుకునేరు! అసలు చదువే అది.

[తెర మీద: ఇటలీ మ్యాప్. సుబియాకో, అక్కణ్నుంచి రోమ్.]

1927లో రోమ్‌కు దగ్గర్లోని సుబియాకోలో పుట్టింది. తండ్రిది ఫర్నిచర్ వ్యాపారం. రెండో ప్రపంచ యుద్ధం వాళ్ల సంసారాన్ని కుదిపేస్తే రోమ్ చేరారు. అక్కడ లలిత కళల అకాడమీలో చేరి బొమ్మలు గీయడం, శిల్పం నేర్చుకుంది. చేతిఖర్చులకు చిన్న చిన్న సినిమా వేషాలు. 1947 మిస్ ఇటాలియా పోటీలో మూడో స్థానం. ఆ తర్వాత సినిమా వదల్లేదు: 1956లో 'ట్రపీజ్', 1959లో 'సాలమన్ అండ్ షీబా', 1961లో 'కమ్ సెప్టెంబర్'. ఈ భాగం మీకు ఎక్కడైనా దొరుకుతుంది కాబట్టి ముందుకెళ్దాం.

[తెర మీద: రోమ్ వీధి. మెడలో కెమెరాతో ఒక మనిషి.]

అసలు కథ ఇక్కడుంది. 1970ల్లో సినిమాలు తగ్గించి కెమెరా పట్టుకుంది. కానీ ఇటలీలో ఆమె వీధిలోకొస్తే జనం మూగుతారు. ఆమెను చూస్తూ నవ్వే మొహాలు తప్ప మామూలు మొహం ఒక్కటీ దొరకదు. అందుకే విగ్గు పెట్టి, వేషం మార్చి, ఎవరూ గుర్తుపట్టకుండా దేశం తిరిగింది. ఆ ఫొటోలే 1973లో 'ఇటాలియా మియా' పుస్తకమయ్యాయి. మొహం చూపించి బతికిన మనిషి పని కోసం ఆ మొహాన్నే దాచుకుంది!

పేరును మాత్రం దాచుకోలేదు, వాడుకుంది. చిత్రకారుడు సాల్వడోర్ డాలీ, హాలీవుడ్ నటుడు పాల్ న్యూమన్ లాంటివాళ్లు ఆమె కెమెరా ముందు కూర్చున్నారు. క్యూబా వెళ్లి ఆ దేశ నేత ఫిడెల్ కాస్ట్రోని ఇంటర్వ్యూ చేసి డాక్యుమెంటరీ తీసింది. మామూలు ఫొటోగ్రాఫర్‌కి ఆ తలుపులు అంత తేలిగ్గా తెరుచుకుంటాయా?

[తెర మీద: ఫౌండ్రీ. కరిగిన కంచు పోస్తున్న దృశ్యం.]

ఇక శిల్పం. టస్కనీలో పియెత్రాసాంతా అనే ఊరుంది. పాలరాతికీ కంచుకీ పేరు. జీనా శిల్పాల పని అక్కడే నడిచింది. ఆ ఊరి ఫౌండ్రీల్లో మైనంతో బొమ్మ చేసి, చుట్టూ అచ్చు కట్టి, మైనం కరిగించి, ఆ ఖాళీలో కంచు పోస్తారు. మన ఆదిలాబాద్ ఓజా కళాకారులు చేసే డోక్రా లోహపు బొమ్మల వెనక సూత్రమూ ఇదే. 2003లో మాస్కోలోని పుష్కిన్ మ్యూజియంలో ఆమె శిల్పాల ప్రదర్శన జరిగింది. 2023 జనవరిలో, 95 ఏళ్ల వయసులో కన్నుమూసింది.

నా ఓటు మాత్రం ఫొటోలకే. ఎస్మెరాల్డా లాంటి బొమ్మల్లో ఆమె మళ్లీ తన సినిమా రూపాన్నే చూసుకుంటోంది, కాస్త నాటకీయత ఎక్కువ. ఫొటోల్లో చూపు అవతలి మనిషి మీద ఉంది. ఈమె పని చూడాలనుకుంటే 'ఇటాలియా మియా'తో మొదలుపెట్టండి, కంచు బొమ్మలు తర్వాత.