స్మాష్ బ్రదర్స్: త్రీడీఎస్‌లో ఆడాలా, వీ యూలోనా?

హాయ్ ఫ్రెండ్స్! ముందే చెప్పేస్తున్నా, ఈ రెండు కాపీలూ పాత గేములు అమ్మేవాళ్లు ఒకరు నాకు ఫ్రీగా పంపారు. ఇలా చెప్పు, అలా చెప్పు అని మాత్రం అడగలేదు. 2014లో నింటెండో ఒకే స్మాష్ బ్రదర్స్ ఫైటింగ్ గేమ్‌ని చేతిలో పట్టుకుని ఆడే త్రీడీఎస్‌కీ, టీవీకి పెట్టి ఆడే వీ యూకీ విడివిడిగా తెచ్చింది. స్పెక్స్ మీరు ఈపాటికి చూసే ఉంటారు. నేను నేరుగా కంట్రోల్స్‌కి వెళ్లిపోతా.

ఎందుకంటే ఈ గేమ్ ప్రాణమంతా అక్కడే ఉంది. స్టిక్‌ని ఒక్కసారిగా పక్కకి కొట్టి, అదే క్షణంలో 'A' బటన్ నొక్కితే స్మాష్ ఎటాక్, అంటే పెద్ద దెబ్బ. మెల్లగా తోసి నొక్కితే వేరే చిన్న దెబ్బ. ఇప్పుడు త్రీడీఎస్ సర్కిల్ ప్యాడ్ చూడండి. అది స్టిక్‌లా వాలదు, బల్లపరుపుగా జారుతుందంతే. ఎంత దూరం తోశామో బొటనవేలికి అందదు. మ్యాచ్ చివర్లో, అసలే టెన్షన్‌గా ఉన్నప్పుడు, పెద్ద దెబ్బ వేద్దామంటే చిన్నది పడుతుంది. నాకు ఒళ్లు మండిపోతుంది!

వీ యూలో అయితే అడాప్టర్ పెట్టుకుని నింటెండో పాత కన్సోల్ గేమ్‌క్యూబ్ కంట్రోలర్‌తోనే ఆడొచ్చు. 2001లో గేమ్‌క్యూబ్‌కి వచ్చిన పాత స్మాష్ గేమ్ మెలీ ఆడినవాళ్లకి ఆ కంట్రోలర్ అంటే ఎంత ఇష్టమో చెప్పక్కర్లేదు. స్టిక్ చుట్టూ ఎనిమిది మూలల అంచు ఉంటుంది కాబట్టి ఏ దిక్కుకి తోశామో చూడకుండానే తెలుస్తుంది. పైగా పసుపు రంగు సీ స్టిక్ ఒక్కసారి తోస్తే చాలు, స్మాష్ ఎటాక్ పడిపోతుంది. మొదటి త్రీడీఎస్ మోడల్స్‌లో ఆ రెండో స్టిక్కే లేదు.

అలాగని త్రీడీఎస్ వెర్షన్‌ని అశ్రద్ధగా చేశారని అనను. చిన్న స్క్రీన్‌లో కెమెరా దూరం జరిగినా మన క్యారెక్టర్ కనబడాలని చుట్టూ నల్లటి గీత పెట్టారు, దాని మందం కూడా మార్చుకోవచ్చు. ఎంత మంచి ఆలోచన! తిరుగుతూ పవర్స్ ఏరుకుని చివర్లో పోటీపడే స్మాష్ రన్ మోడ్ కూడా అందులోనే ఉంది. వీ యూలో దాని బదులు ఇచ్చిన, బోర్డ్ గేమ్‌లా ఉండే స్మాష్ టూర్ నాకు అస్సలు ఎక్కలేదు.

ఇంకో బాధ ఉంది. పాత స్మాష్ గేముల్లో జంటగా కొట్లాడే క్యారెక్టర్లు ఐస్ క్లైంబర్స్ వీ యూలో బాగానే నడిచారట, త్రీడీఎస్ మోయలేకపోయింది. అందుకే రెండింట్లోనూ తీసేశామని డైరెక్టర్ సకురాయ్ చెప్పారు. వాళ్లు తిరిగొచ్చింది 2018లో, తర్వాతి స్మాష్ గేమ్ అల్టిమేట్‌లో.

నా ఓటు వీ యూకే. ఎనిమిది మంది ఒకే టీవీ ముందు కొట్టుకోవడం త్రీడీఎస్‌లో కుదరదు కూడా. ఒక్కరే ఆడుకుంటామంటే త్రీడీఎస్ తీసుకోండి. వీ యూ కొనేవాళ్లు అడాప్టర్ కూడా వెతుక్కోండి. దానికి రెండు యూఎస్‌బీ వైర్లుంటాయి, బూడిద రంగుది వైబ్రేషన్ కోసం, నల్లది మాత్రం పెట్టి తీరాలి.