కర్నల్‌లో ‘ర’ ఎక్కడిది?

అందరికీ నమస్కారం.

సి, ఓ, ఎల్, ఓ, ఎన్, ఈ, ఎల్. మనం అక్షరాలను నమ్ముకుని ‘కల్నల్’ అంటాం. ఇంగ్లిష్‌లో పలికేది మాత్రం ‘కర్నల్’. బ్రిటిష్ వాళ్లు ఆ ‘ర’ను కూడా మింగేస్తారనుకోండి, అది వేరే గొడవ. ఇంతకీ స్పెల్లింగ్‌లో లేని ‘ర’ నోట్లోకి ఎలా వచ్చింది?

ఇటాలియన్‌లో సైనిక దళం ‘కొలొన్నా’, దాని అధిపతి ‘కొలొన్నెల్లో’. ఫ్రెంచి వాళ్ల నోట్లో పడేసరికి మొదటి ‘ల’ కాస్తా ‘ర’ అయి ‘కొరొనెల్’ అయింది. 16వ శతాబ్దంలో ఇంగ్లిష్‌కు అలాగే చేరింది. తర్వాత చదువుకున్నవాళ్లు ఇటాలియన్ మూలం చూసుకుని స్పెల్లింగ్ దిద్దేశారు. జనం నోరు దిద్దడం మాత్రం వాళ్ల వల్ల కాలేదు.

అప్పు అనే అర్థమున్న ‘డెట్’లో ‘బి’ కూడా పండితుల పుణ్యమే. ఫ్రెంచి నుంచి వచ్చినప్పుడు అది లేదు. లాటిన్ ‘డెబిటుమ్’ గుర్తుండాలని ఇరికించారు. ‘ఐలండ్’ది మరీ అన్యాయం. అది అచ్చమైన ఇంగ్లిష్ మాట. లాటిన్ నుంచి ఫ్రెంచి మీదుగా వచ్చిన ‘ఐల్’కు చుట్టమనుకుని దీనికీ ‘ఎస్’ తగిలించారు. తిండి సరుకుల్ని ‘విక్చువల్స్’ అన్నట్టు రాసి ‘విటల్స్’ అని పలకడం వెనకా ఇదే కథ.

చదవడమే తప్ప ఎవరూ అనగా వినని మాటలతో ఇంకో చిక్కు. ఏ, డబ్ల్యూ, ఆర్, వై చూడండి. ‘ఆరీ’ కాదు, ‘అరై’. వేసుకున్న ప్లాన్ బెడిసికొడితే ఈ మాట వాడతారు. ఒక గుణానికి నిలువెత్తు రూపమైన మనిషిని ‘ఇపిటమీ’ అంటారు. గ్రీకు మాట కాబట్టి చివరి ‘ఈ’ పలుకుతుంది, ‘ఎపిటోమ్’ అనకూడదు.

డిక్షనరీలో అర్థం చూసి మూసేసేవాళ్లే ఎక్కువ. దాని ముందే ఉచ్చారణ ఉంటుంది, అందులో పైన నిలబడ్డ చిన్న గీత ఉంటుంది. చాలా డిక్షనరీల్లో ఆ గీత తర్వాతి భాగాన్ని ఒత్తి పలకాలని లెక్క. ‘ఫొటోగ్రాఫ్’లో ఒత్తు ‘ఫో’ మీద, ‘ఫొటోగ్రఫీ’లో రెండో భాగం మీద. నా మటుకు నాకు స్పెల్లింగ్ కన్నా ఈ గీతే ముఖ్యం. ఒత్తు తప్పు చోట పడితే తెలిసిన మాట కూడా ఎదుటివాళ్లకు అర్థం కాదు.

అలాగని డిక్షనరీ వేదమేమీ కాదు. 1934 వెబ్‌స్టర్‌లో ‘డోర్డ్’ అనే మాట అచ్చయింది. అర్థం సాంద్రత. నిజానికి సాంద్రతకు పెద్ద ‘డి’ గానీ చిన్న ‘డి’ గానీ సంక్షిప్త రూపంగా వాడొచ్చని ఒక చీటీ మీద రాశారు. ‘డి ఆర్ డి’లో ‘ఆర్’ అంటే ‘లేదా’ అని (ఓ, ఆర్). ఆ అక్షరాలన్నీ కలిపి ఒకే మాటగా చదివేశారు. పైగా ఎవరూ ఎన్నడూ అనని ఆ మాటకు ఉచ్చారణ కూడా ఇచ్చారు! 1939లో ఒక ఎడిటర్‌కు దీని వ్యుత్పత్తి ఏదని అనుమానమొచ్చింది. తీగ లాగితే ఆ చీటీ బయటపడింది.