రైలు చప్పుడుతో కథ చెప్పిన బ్రెజిల్ దర్శకుడు

[తెర అంతా చీకటి. రైలు చక్రాల చప్పుడు మాత్రమే.]

బొమ్మ లేదు. చప్పుడే. అయినా రైలు కనబడింది కదా?

1930ల్లోనే ఈ కిటుకు బాగా పట్టుకున్నవాడు ఆల్బెర్తో కవల్కాంతి. 1897లో రియో డి జనీరోలో పుట్టాడు. సినిమాలు మాత్రం పారిస్‌లో, లండన్‌లో, సావోపాలోలో, చివరికి వియన్నాలో కూడా తీశాడు. ఏ ఊళ్లోనూ పూర్తిగా ఆ ఊరివాడు కాలేదు.

[పాత పారిస్ వీధులు]

మొదట లా చదవబోయాడు, కుదరలేదు. జెనీవాలో ఆర్కిటెక్చర్ చదివి, పారిస్ చేరి, సినిమాలకు సెట్లు వేశాడు. 1926లో పారిస్‌లో ఒక రోజు ఎలా గడుస్తుందో చూపిస్తూ సొంతంగా సినిమా తీశాడు. అందులో షోకైన పారిస్ కనబడదు, పేదల సందులు కనబడతాయి. ఇలా ఒక నగరాన్నే హీరోగా పెట్టిన సినిమాలంటే అందరూ జర్మన్ దర్శకుడు రుట్‌మన్ బెర్లిన్ మీద తీసిన సినిమా పేరే చెబుతారు. అది వచ్చింది మరుసటి ఏడాది!

[తపాలా రైలు, ఉత్తరాల సంచులు]

ఇక అసలు సంగతి. 1934లో లండన్‌లో తపాలా శాఖవాళ్ల సినిమా విభాగంలో చేరాడు. అవును, పోస్టాఫీసుకే ఒక సినిమా యూనిట్! 1936లో అక్కడ తయారైంది 'నైట్ మెయిల్'. లండన్ నుంచి స్కాట్లాండ్ వెళ్లే తపాలా రైలు కథ. దర్శకులు హ్యారీ వాట్, బాసిల్ రైట్. శబ్దం సంగతి చూసుకున్నది కవల్కాంతి.

మన ఆర్ఎమ్ఎస్ (రైల్వే మెయిల్ సర్వీస్) బోగీలో ఉత్తరాలు విడదీసి గూళ్లలో వేయడం చూసినవాళ్లకు ఈ సినిమా వెంటనే దగ్గరవుతుంది. కాకపోతే ఆ బోగీ నిజంది కాదు, స్టూడియోలో వేసిన సెట్. మనుషులు మాత్రం నిజం తపాలా ఉద్యోగులే. రైలు కదులుతోందని అనిపించాలి కాబట్టి వాళ్లనే కాస్త ఊగమన్నారు! చివర్లో ఇంగ్లీషు కవి ఆడెన్ రాసిన కవిత చక్రాల లయలోనే పరిగెడుతుంది. సంగీతం బెంజమిన్ బ్రిటన్. ఇక్కడ మాట ఏది, పాట ఏది, చప్పుడు ఏది అని విడదీయలేం. నన్నడిగితే ఆ సినిమాకి ప్రాణం అదే.

[ఇంగ్లండ్ పల్లెటూరు]

రెండో ప్రపంచ యుద్ధం వచ్చింది. తపాలా యూనిట్‌కి అప్పటికి ఆయనే పెద్ద. కొనసాగాలంటే బ్రిటిష్ పౌరసత్వం తీసుకోవాలన్నారు. తీసుకోకుండా లండన్‌లోని ఈలింగ్ అనే సినిమా స్టూడియోకి వెళ్లిపోయాడు. 1942లో అక్కడ తీసిన సినిమాలో బ్రిటిష్ యూనిఫాం వేసుకున్న జర్మన్ సైనికులు ఒక పల్లెను ఆక్రమిస్తారు. ఊరి పోస్టాఫీసు నడిపే పెద్దావిడ ఒక సైనికుడి కళ్లలో మిరియాల పొడి కొట్టి, గొడ్డలితో నరికేస్తుంది. ఇంగ్లండ్‌లో పుట్టిన దర్శకుడు తన పల్లెని అంత కర్కశంగా చూపించి ఉండేవాడా? నాకు అనుమానమే. 1945లో 'డెడ్ ఆఫ్ నైట్' అనే భయం కథల సినిమా కోసం ఒక వెంట్రిలాక్విస్టూ (పెదవులు కదపకుండా బొమ్మ చేత మాట్లాడించేవాడు) అతని బొమ్మా ఉన్న కథ తీశాడు. రాత్రిపూట ఒంటరిగా చూడకండి.

[సావోపాలో]

1949లో సొంత దేశం పిలిచింది. వేరా క్రూజ్ అనే కొత్త స్టూడియో. నిర్మాణం బాధ్యతంతా ఆయనకే. యూరప్ నుంచి టెక్నీషియన్లను దింపాడు. యజమానులతో పొసగలేదు, 1951కల్లా బయటికొచ్చేశాడు. ఆ తర్వాత, 1927లో ఫ్రాన్స్‌లో తను తీసిన కథనే తీసుకొచ్చి బ్రెజిల్ ఈశాన్య తీరంలో, కరువుకి వలసపోయే జనం మధ్య మళ్లీ తీశాడు. ఈలోగా కమ్యూనిస్టు అన్న ముద్ర పడింది. మళ్లీ యూరప్. వియన్నాలో జర్మన్ నాటకకర్త బ్రెహ్ట్ నాటకాన్ని సినిమాగా తీశాడు, తర్వాత పాఠాలు చెప్పాడు. 1982లో పారిస్‌లో కన్నుమూశాడు.

[మళ్లీ రైలు చప్పుడు]

1962లో బ్రెజిల్ సినిమా ఒకటి ఫ్రాన్స్‌లోని కాన్ చిత్రోత్సవంలో అన్నిటికన్నా పెద్ద బహుమతి పామ్ డోర్ గెలిచింది. దాని కెమెరామన్ చిక్ ఫౌల్ అనే ఇంగ్లీషాయన. 'నైట్ మెయిల్' రైలుని కెమెరాలో పట్టిన ఇద్దరిలో ఒకడు. వేరా క్రూజ్ కోసం కవల్కాంతి పిలిస్తే వచ్చాడు. పిలిచినవాడు వెళ్లిపోయాడు, ఫౌల్ ఉండిపోయాడు.