ఈస్టర్ ఐలాండ్‌లో కాలు పెట్టనివాడే ఆ సినిమా తీశాడు!

బెల్జియం సినిమా దర్శకుడు హెన్రీ స్టోర్క్, పెద్ద పెద్ద రాతి విగ్రహాలకి పేరుపడ్డ పసిఫిక్ దీవి ఈస్టర్ ఐలాండ్‌కి వెళ్ళలేదు. ఒక్క పూట కూడా వెళ్ళలేదు. అయినా ఆ దీవి మీద 1935లో వచ్చిన డాక్యుమెంటరీ సినిమా నూటికి నూరు పాళ్ళు ఆయనదే. ఇవాళ నేను చెప్పేది ఇదొక్కటే, చివరిదాకా ఇదే చెప్తాను.

గొడవేంటంటే ఇదీ. కెమెరాతో ఓడెక్కింది జాన్ ఫెర్న్‌హౌట్ అనే డచ్ కుర్రాడు, అప్పటికి 21 ఏళ్ళు. పేరు మాత్రం ఇంట్లో కూర్చున్న ఫ్లెమిష్ దర్శకుడికి వచ్చింది. సొమ్మొకడిది, సోకొకడిది అంటున్నారు. ఈ మాట అనేవాళ్ళు జన్మలో ఫిలిం కోసినవాళ్ళు కాదండీ!

ఆ కుర్రాడి చేతిలో ఏముందో చూడండి. ఫ్రెంచ్-బెల్జియన్ పరిశోధకుల బృందం, అంటే మెత్రో, లావాషెరీ వాళ్ళు, 1934 జూలైలో దీవి చేరారు. వాళ్ళని తిరిగి తీసుకురావడానికి వెళ్ళింది మెర్కాటర్ అనే బెల్జియం ట్రైనింగ్ షిప్పు. ఫెర్న్‌హౌట్ ఎక్కింది ఆ ఓడే. 1935 జనవరి మొదట్లో లంగరెత్తేశారు. దీవి మీద టైమెక్కడిది? పైగా ఆ కాలపు చేతి కెమెరాలో పట్టేది 30 మీటర్ల రీలు. 35 ఎంఎం ఫిలిం సెకనుకి 24 ఫ్రేముల లెక్కన నిమిషానికి 27 మీటర్లు పైనే తినేస్తుంది. అంటే నిమిషం దాటగానే రీలు ఖాళీ. ఈలోపు స్ప్రింగుకి అర నిమిషానికోసారి కీ ఇవ్వాలి. ఇలా తీస్తే వచ్చేవి ముక్కలు. మంచి ముక్కలే, అద్భుతమైన ముక్కలు. ధ్వని ఉండదు, వరుస ఉండదు.

ఆ డబ్బాలు స్టోర్క్ టేబుల్ మీదికొచ్చాయి. సినిమా అక్కడ పుట్టింది!

అప్పటి ఎడిటింగ్ అంటే మౌస్ క్లిక్కు కాదు. నెగెటివ్‌ని ముట్టుకోరు, ముందు ప్రింటు మీద కోస్తారు. అతుకు వేసే చోట బ్లేడుతో సన్నటి పట్టీ మేర ఎమల్షన్, అంటే బొమ్మ ఉండే పూత, గీకి, సిమెంటు రాసి, నొక్కి పట్టాలి. ఎమల్షన్ కాస్త మిగిలినా సిమెంటు పట్టదు, ప్రొజెక్టర్‌లో అతుకు ఊడిపోతుంది. ఎక్కువ గీకితే ఫిలిం పల్చబడి రంధ్రాల దగ్గర చిరుగుతుంది. వేసిన ప్రతి అతుకుకీ ఫ్రేము పోతుంది కాబట్టి, ఊరికే మార్చి మార్చి చూసుకోవడం కుదరదు. తల్లో ముందే తేలిపోవాలి. పైగా అది నైట్రేట్ ఫిలిం, నిప్పురవ్వ పడితే భగ్గుమంటుంది. ఇలా సుమారు 25 నిమిషాల సినిమా, అంటే దాదాపు 680 మీటర్లు. దీన్ని ఇంట్లో కూర్చోవడం అంటారా?

ఆయనకిది కొత్తా? 1932లోనే ఒక్క షాటూ తీయకుండా సినిమా చేశాడు! 1928 నాటి న్యూస్‌రీళ్ళు తెచ్చాడు, యుద్ధాలు మానేస్తామని దేశాలు కెలాగ్-బ్రియాండ్ ఒప్పందం చేసుకున్న ఏడాదివి. నాయకుల ఆర్భాటాల మధ్య గోతిలోంచి తీస్తున్న సైనికుడి శవాన్ని పెట్టాడు. ఫ్రాన్స్ సెన్సార్ నిషేధించింది. ఆ షాట్లు విడివిడిగా ఎవరినీ భయపెట్టలేదు, భయపెట్టింది స్టోర్క్ పెట్టిన వరుస.

కెమెరా పట్టడం రాక కాదు సుమా. 1907లో ఒస్టెండ్‌లో పుట్టాడు, ఇంట్లోవాళ్ళది చెప్పుల కొట్టు. 1928లోనే ఊళ్ళో సినిమా క్లబ్బు పెట్టాడు, తన సముద్రతీరాన్ని తనే తీశాడు. 1933లో డచ్ దర్శకుడు యోరిస్ ఇవెన్స్‌తో కలిసి బెల్జియంలోని బోరినాజ్ బొగ్గు గనుల కార్మికుల్ని తీశాడు, పోలీసుల కళ్ళు కప్పుతూ! మార్క్స్ చిత్రపటంతో ఊరేగింపు జరిగిపోయిందని తెలిసి మళ్ళీ చేయించి తీస్తే, అది నిజమైన ఊరేగింపైపోయింది. ఇలాంటివాడు ఇంకొకడి కష్టం దోచుకుంటాడా?

ఇక దీవి సంగతి. అప్పట్లో అది విలియమ్సన్ బాల్ఫోర్ కంపెనీ గొర్రెలు మేపుకునే భూమి. అక్కడి జనాన్ని హంగా రోవా అనే ఒక్క ఊళ్ళో గోడ లోపల ఉంచేవారు. 1953 దాకా ఇదే తంతు. ఆ రోజుల యాత్రాచిత్రాలైతే విగ్రహాలు చూపించి, డాన్సు చూపించి టాటా చెప్పేవి. స్టోర్క్ విగ్రహాలు చూపించాడు, వాటితోపాటు కుష్ఠు సోకిన మనుషుల్నీ చూపించాడు. దీవిని పోస్ట్‌కార్డుగా మార్చనివ్వలేదు. మోరిస్ జోబేర్ సంగీతం కూడా టూరిస్టు సంగీతం కాదు, గుండె మీద బరువు పెడుతుంది.

అన్నట్టు, అదే మెర్కాటర్ సుమారు ఆరు టన్నుల రాతి విగ్రహాన్ని బ్రస్సెల్స్‌కి మోసుకొచ్చింది. అది ఇప్పటికీ అక్కడి మ్యూజియంలోనే ఉంది. దీవి సొత్తు ఎవరు పట్టుకెళ్ళారని గొడవ పడాలంటే పడండి, దానికి నేను రెడీ.

ఫెర్న్‌హౌట్ పేరు పెద్దక్షరాల్లో వేయమనండి, నేనూ అడుగుతాను. కానీ స్టోర్క్ పేరు తీసేయమంటే మాత్రం ఊరుకోను. కావాలంటే సినిమా రెండుసార్లు చూడండి. మొదటిసారి సౌండ్ ఆపేసి, ఏ షాట్ పక్కన ఏ షాట్ ఉందో కాగితం మీద రాసుకోండి. రెండోసారి సౌండ్ పెట్టి, సంగీతం ఏ కోత దగ్గర మారుతోందో ఆ కాగితం మీదే గుర్తు పెట్టండి. ఆ కాగితం ముందు పెట్టుకుని చెప్పండి, ఈ వరుస ఎవరు వేశారు?