ఓటు ఇక్కడ, వార్త అక్కడ

శ్రోతలకు నమస్కారం.

రాత్రి ఏడు దాటాక మన చెన్నైలో కొరుక్కుపేటలోనో వ్యాసర్‌పాడిలోనో తెలుగువాళ్ల ఇళ్ల ముందు నడిచి చూడండి. ఏ ఇంట్లో చూసినా టీవీలో నలుగురు కూర్చుని ఆంధ్ర రాజకీయాల మీద కేకలేసుకుంటుంటారు. ఇంట్లోవాళ్లు కూడా అప్పటికే పక్షాలు పంచుకుని ఉంటారు. మామగారిది ఒక పార్టీ, అల్లుడిది ఇంకో పార్టీ. ఆ గొడవ కంచాల దగ్గర దాకా వస్తుంది. తీరా చూస్తే వీళ్లలో ఎవరికీ అక్కడ ఓటు లేదు. ఓటున్నది ఇక్కడ, చెన్నై కార్పొరేషన్‌లో. మీ వార్డు కౌన్సిలర్ ఎవరండీ అని అడిగితే మాత్రం ఒకరి మొహం ఒకరు చూసుకుంటారు.

వాళ్లను తప్పుపట్టడానికి ఈ మాట చెప్పడం లేదు. సొంత భాషలో వార్త వింటే ఉండే తృప్తి వేరు, అది నాకూ తెలుసు. ప్రజాస్వామ్యంలో ప్రసార సాధనాల పాత్ర మీద ప్రసంగం అంటే నాలుగో స్తంభం దగ్గర మొదలుపెట్టడం ఆనవాయితీ. ఆ స్తంభం జోలికి నేను పోను. నేను అడగదలిచింది ఒకటే. వార్త చేరుతోంది సరే, ఆ వార్త విని ఏమైనా చెయ్యగలిగినవాళ్లకు చేరుతోందా?

పత్రికల విషయంలో ఈ ఊరికి చాలా చరిత్ర ఉంది. 1878లో టి. ముత్తుస్వామి అయ్యర్‌ను మద్రాసు హైకోర్టు జడ్జిగా వేస్తే, భారతీయుడికి ఆ కుర్చీ ఏమిటని ఇక్కడి ఇంగ్లీషువాళ్ల పత్రికలు సణిగాయి. దానికి జవాబుగా ఆరుగురు కుర్రవాళ్లు ఒక వారపత్రిక పెట్టారు. రూపాయి ముప్పావలా అప్పు తెచ్చి 80 కాపీలు వేశారని చెబుతారు. అదే హిందూ పత్రిక. సరిగ్గా అదే ఏడాది వైస్రాయ్ లార్డ్ లిట్టన్ దేశభాషా పత్రికల నోరు నొక్కే చట్టం తెచ్చాడు. ఇంగ్లీషు పత్రికలకు ఆ చట్టం వర్తించదు. దక్షిణాదికి కూడా మినహాయింపు ఇచ్చార్లెండి. అయినా దొరల భయం దేని మీదో తెలిసిపోతుంది. ఇంగ్లీషులో ఎవరేం రాసుకున్నా సర్దుకుంటారు, రైతుకు అర్థమయ్యే భాషలో రాస్తేనే కంగారు.

తెలుగు సంగతికొస్తే, కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారు 1908లో బొంబాయిలో వారపత్రికగా మొదలుపెట్టిన ఆంధ్రపత్రికను 1914లో ఇక్కడికి తెచ్చి దినపత్రిక చేశారు. తంబుచెట్టి వీధిలో అచ్చయ్యేది. అమృతాంజనం అమ్మిన డబ్బుతో నడిచింది. జనం తలనొప్పుల మీద వచ్చిన సొమ్ము మళ్లీ జనానికే వార్తలై వెళ్లిందన్నమాట. 1938లో ఆంధ్రప్రభ పుట్టిందీ ఈ ఊళ్లోనే. 1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడ్డాక తెలుగు పత్రికల బరువంతా మెల్లగా విజయవాడకూ హైదరాబాదుకూ జరిగిపోయింది. పత్రికలు వెళ్లాయి, మనం ఉండిపోయాం.

స్వతంత్ర భారతంలో పత్రికల మీద మొదటి పెద్ద పేచీ కూడా మద్రాసుతోనే. బొంబాయిలో వెలువడే క్రాస్ రోడ్స్ అనే పత్రిక మద్రాసు రాష్ట్రంలోకి రాకూడదని ఇక్కడి ప్రభుత్వం నిషేధం పెట్టింది. సంపాదకుడు రొమేష్ థాపర్ సుప్రీంకోర్టుకెక్కాడు. 1950 మేలో తీర్పు ఆయన వైపు వచ్చింది. అచ్చువేసుకునే హక్కు ఒక్కటే ఉంటే లాభం లేదు, అచ్చయినది చదివేవాడి చేతికి చేరే హక్కు కూడా ఉండాలని కోర్టు చెప్పింది. ఏడాది తిరిగేసరికి పార్లమెంటు రాజ్యాంగానికి మొదటి సవరణ తెచ్చి, శాంతిభద్రతల పేరుతో కొత్త హద్దులు గీసింది. స్వేచ్ఛ, దాని వెనకే కళ్లెం. ఈ డెబ్బై ఏళ్లలో ఆ వరస పెద్దగా మారలేదు.

పేద దేశాల్లో పత్రిక ఎందుకని అడిగేవాళ్లకు ఆర్థికవేత్త అమర్త్య సేన్ కరువుల సంగతి చెబుతారు. 1943లో బెంగాల్‌లో లక్షల మంది ఆకలితో చచ్చిపోతుంటే తెల్లవాళ్ల ప్రభుత్వం దాన్ని కరువని ఒప్పుకోలేదు. యుద్ధకాలపు సెన్సారు. ఆ ఆగస్టులో కలకత్తా స్టేట్స్‌మన్ పత్రిక, అదీ ఇంగ్లీషువాళ్ల పత్రికే, వీధుల్లో పడి ఉన్న శవాల ఫొటోలు అచ్చువేసింది. అప్పుడు గానీ లండన్‌లో కదలిక రాలేదు. స్వాతంత్ర్యం వచ్చాక మన దగ్గర పంటలు పోయాయి, బీహార్‌లో, మహారాష్ట్రలో గడ్డు రోజులు వచ్చాయి, కానీ 1943లాంటిది మళ్లీ రాలేదు. చైనాలో 1958కీ 1961కీ మధ్య కోట్ల మంది పోయారు, వాళ్ల పేపర్లలో ఒక్క ముక్క రాలేదు. ఎన్నికలూ స్వతంత్ర పత్రికలూ ఉన్నచోట అంత పెద్ద కరువు రాదన్నది సేన్ వాదన.

దాన్ని లెక్కలు వేసి చూసిన ఆర్థికవేత్తలు ఇద్దరున్నారు, టిమోతీ బెస్లీ, రాబిన్ బర్జెస్. మన దేశంలో 16 రాష్ట్రాల్లో 1958 నుంచి 1992 దాకా ఏ ప్రభుత్వం కరువుకు, వరదకు ఎంత స్పందించిందో చూసి 2002లో ప్రచురించారు. పత్రికలు ఎక్కువగా చదివే రాష్ట్రాల్లో తిండిగింజల పంపిణీ, సహాయక ఖర్చు మెరుగ్గా ఉన్నాయని తేలింది. అందులో మనకు కావాల్సిన ముక్క ఇంకొకటుంది. ఈ ఫలితం ఇంగ్లీషు, హిందీ పత్రికల వల్ల వచ్చింది కాదు. రాష్ట్రాల సొంత భాషల్లో వచ్చే పత్రికల వల్ల వచ్చింది. ఎందుకంటే, ఊళ్లో పంట ఎండిపోయిందన్న వార్త ఎమ్మెల్యే చదవడం ఒక ఎత్తు. దాన్ని తన ఓటర్లు కూడా చదివారని ఎమ్మెల్యేకు తెలియడం ఇంకో ఎత్తు. అతన్ని కదిలించేది ఆ రెండోదే.

దీనికి మచ్చు మన పక్కనే దొరుకుతుంది. మద్రాసు తెలుగువాళ్లలో నెల్లూరు మూలాలున్నవాళ్లు ఎంతమందో చెప్పక్కర్లేదు కదా. 1990ల మొదట్లో ఆ జిల్లాలో అక్షరాస్యత ఉద్యమం జోరుగా సాగింది. రాత్రి బడికి వెళ్లిన ఆడవాళ్లు అక్షరాలు నేర్చుకుంటూ, పొద్దున సంపాదించింది సాయంత్రానికి సారా కొట్టుకు ఎందుకు పోతోందో మాట్లాడుకున్నారు. దూబగుంటలో సారా కొట్టు మూయించారు. ఆ ఊరి రోశమ్మ పేరు రాష్ట్రమంతా తెలిసింది. ఆ ఊరి కథ వయోజనుల వాచకంలో పాఠమైతే, ఇంకో ఊళ్లో ఆడవాళ్లు చదివి తామూ కొట్టు మూయించారు. అలా 1992 నాటికి సారా వేలం పాటలు జరపలేక కలెక్టరేట్లలో అధికారులు తలలు పట్టుకునే దాకా వచ్చింది.

ఇక్కడ పత్రిక చేసిన పని గమనించాలి. అప్పటికి ఈనాడు 1989 నుంచీ జిల్లాకో చిన్న పేపరు వేస్తోంది. మండలానికో విలేకరి ఉన్నాడు. అంతకుముందు అయితే ఏ మారుమూల పల్లెలోనో ఆడవాళ్లు సారా ప్యాకెట్లు తగలబెడితే నెల్లూరు టౌనుకు కూడా తెలిసేది కాదు. ఇప్పుడు మర్నాడే పక్క మండలానికి తెలుస్తోంది. తర్వాత ఆ ఉద్యమానికి ప్రత్యేకంగా పేజీలే కేటాయించారు. 1993లో సారా నిషేధం వచ్చింది. 1994 డిసెంబరులో ఎన్టీ రామారావు గెలిచి, 1995లో సంపూర్ణ మద్యనిషేధం అమల్లోకి తెచ్చారు. ఆ పత్రికకు కాంగ్రెస్ ప్రభుత్వమంటే గిట్టదు కాబట్టే అంత రాసిందని అప్పుడే అన్నవాళ్లున్నారు. వారుణివాహిని పేరుతో సారాను ప్యాకెట్లలో పల్లెలకు చేర్చింది అంతకుముందు రామారావుగారి ప్రభుత్వమేనని గుర్తుచేసినవాళ్లూ ఉన్నారు. రెండూ నిజమే కావచ్చు. యజమాని లెక్కలు యజమానికుంటాయి. కలిగిరి మండలంలోని ఆడమనిషికి మాత్రం తన పేరు పేపర్లో పడ్డాక సారా కాంట్రాక్టరుకు భయపడాల్సిన పని తగ్గింది. 1997లో మద్యనిషేధం ఎత్తేశారు. అప్పుడు ఈ హడావుడి ఏ పత్రికలోనూ కనపడలేదు.

అమ్ముడుపోవడం గురించి కూడా ఒక మాట. 2009 ఎన్నికల్లో అభ్యర్థుల దగ్గర డబ్బు తీసుకుని ప్రకటనలను వార్తల్లా అచ్చువేసిన వ్యవహారం బయటపడింది. మన విలేకరులు దానికి ప్యాకేజీ అని పేరు పెట్టుకున్నారు. ప్రెస్ కౌన్సిల్ పరంజయ్ గుహా ఠాకుర్తా, కె. శ్రీనివాస్ రెడ్డి అనే ఇద్దరితో విచారణ చేయించింది. వాళ్లు పత్రికల పేర్లతో సహా నివేదిక రాస్తే, కౌన్సిల్ దాన్ని కుదించి పైపైన విడుదల చేసింది. పూర్తి నివేదిక సమాచార హక్కు చట్టం పుణ్యమా అని బయటికొచ్చింది. ప్రెస్ కౌన్సిల్‌కు మందలించడమే తప్ప శిక్షించే అధికారం లేదు. పెరూ దేశంలో 1990ల్లో ఫుజిమోరి ప్రభుత్వం జడ్జీలనూ ఎంపీలనూ టీవీ యజమానులనూ లంచాలతో కొనేసిందట. లెక్కలు దొరికాక చూస్తే, జడ్జికిచ్చిన దానికి దాదాపు వంద రెట్లు టీవీ యజమానికి ఇచ్చారు. దేనికెంత ధర కట్టాలో ఆ మనుషులకు బాగా తెలుసు. చివరికి 2000 సెప్టెంబరులో ఒక చిన్న కేబుల్ చానెల్ లంచమిస్తున్న వీడియో చూపించడంతో ఆ ప్రభుత్వం కూలింది. చిన్నది కదా, కొనక్కర్లేదని వదిలేశారు!

రేడియోలో కూర్చుని రేడియో పాపాలు దాచడం బాగుండదు. 1994లో రువాండాలో ఒక ప్రైవేటు రేడియో టుట్సీ తెగవాళ్లను పురుగులని తిడుతూ, ఎవరెక్కడ దాక్కున్నారో చెబుతూ జనాన్ని చంపించింది. అంత దూరం ఎందుకు, 2018 మేలో పిల్లల్ని ఎత్తుకుపోయేవాళ్లు వచ్చారంటూ వాట్సాప్‌లో తిరిగిన మెసేజీలు నమ్మి, తిరువణ్ణామలై జిల్లాలో గుడికి వెళుతూ దారిలో పిల్లలకు చాక్లెట్ ఇచ్చిన చెన్నై పెద్దావిణ్ణి కొట్టి చంపేశారు. నమ్మదగిన వార్త అందనిచోట పుకారుకు అడ్డేముంటుంది?

2015 డిసెంబరు వరదలు మీలో చాలామందికి గుర్తుండే ఉంటాయి. కరెంటు లేదు, ఫోన్లు లేవు. 1878లో మొదలయ్యాక మొదటిసారి డిసెంబరు 2న హిందూ పేపరు చెన్నైలో అచ్చుకాలేదు. మరైమలై నగర్‌లో ఉన్న ప్రెస్సుకు పనివాళ్లు చేరలేకపోయారు. సెంబరంబాక్కం చెరువు నుంచి ఎప్పుడు, ఎంత నీరు వదిలారన్నది ఆ తర్వాత పెద్ద వివాదమై, కాగ్ కూడా నివేదికలో తప్పుపట్టింది. అడయారు ఒడ్డున ఉన్నవాళ్లకు ఆ రాత్రి కావాల్సింది ఒక్క కబురు. నీళ్లు ఎన్ని గంటలకు మా వీధికి వస్తాయి? ఎక్కడో ఉన్న చానెల్ మునిగిన ఊరిని హెలికాప్టర్ నుంచి చూపించగలదు, ఈ ప్రశ్నకు మాత్రం జవాబు చెప్పలేదు.

ఎండాకాలంలోనూ ఇదే గొడవ. ఆంధ్రలోని కండలేరు జలాశయం నుంచి కృష్ణా నీళ్లు వదిలారన్న వార్త తెలుగు పేపర్లో చదువుతాం. ఆ నీళ్లు మన పంపులోకి వస్తాయా, మెట్రో వాటర్ లారీ కోసం బిందెలు వరసపెట్టాలా అన్నది తమిళ పేపర్లో వెతుక్కోవాలి. మన పెద్దవాళ్లకు తమిళం మాట్లాడ్డం వచ్చు, గబగబా చదవడం రాదు. పిల్లలేమో తమిళాన్ని తప్పనిసరి చేసిన 2006 చట్టం తర్వాత బడిలో తమిళం చదువుకున్నారు, తెలుగు అక్షరాలు చాలామందికి రావు. ఒకే ఇంట్లో రెండు తరాలు రెండు పేపర్లకు బయట ఉన్నాయి.

2016 చివరి నుంచి 2022 ఫిబ్రవరి దాకా, అయిదేళ్లకు పైగా ఈ మహానగరానికి ఎన్నికైన కౌన్సిలర్లే లేరు. అంతా అధికారుల పాలన. ఏ తెలుగు ఇంట్లోనూ దాని మీద టీవీ ముందు గొడవ జరిగిన దాఖలా లేదు. చివరికి 200 వార్డులకు ఎన్నికలు పెడితే చెన్నైలో సగం మంది కూడా ఓటెయ్యలేదు. తెలుగువాళ్లు మాత్రమే ఇలా అనడం లేదు, తమిళ చానెళ్లు చూసేవాళ్లకూ ఇదే జబ్బు. ఇక్కడ ఒక్కో చానెల్ వెనక ఒక్కో పార్టీ నీడ ఉంది, వాళ్లకు సచివాలయమే ముద్దు. వార్డు వార్తకు ప్రకటనలు రావు.

మరి వార్డు వార్త ఎవరు చెప్పాలి? నా ఓటు రేడియోకే. చవక, చదువు రాకపోయినా ఫర్వాలేదు, వంట చేసుకుంటూ వినొచ్చు. అన్నా యూనివర్సిటీ 2004లో దేశంలోనే మొదటి క్యాంపస్ రేడియో పెట్టింది ఈ ఊళ్లోనే. జహీరాబాద్ దగ్గర మాచనూర్‌లో 2008 నుంచి దళిత మహిళలు సంగం రేడియో నడుపుతున్నారు, తమ యాసలో, తమ పంటల గురించి. గాలి తరంగాలు ప్రజల ఆస్తి అని సుప్రీంకోర్టు 1995లోనే చెప్పింది. కానీ ప్రైవేటు ఎఫ్ఎంలు సొంతంగా వార్తలు చెప్పకూడదు, వినిపిస్తే ఆకాశవాణి బులెటిన్‌నే మళ్లీ వినిపించాలి. 2011 నిబంధనల్లో కొంచెం సడలించారు. నీటి సరఫరా, కరెంటు, వాతావరణం వంటివి వార్తల కిందికి రావని, స్థానిక అధికారులు ఇచ్చిన ప్రకటన ఇచ్చినట్టు చదవొచ్చని అన్నారు. అంటే రేపు నీళ్లు రావని చెప్పొచ్చు. ఎందుకు రావని ఇంజనీరును అడిగి ఆ జవాబు వినిపిస్తే అది వార్త అయిపోతుంది, కుదరదు.

టీవీ చానెల్‌కు ఇరవై నాలుగు గంటలూ అరుచుకునే అనుమతి ఇచ్చినవాళ్లకు, పేట రేడియోలో ఈ ఒక్క ప్రశ్న వల్ల ఏం ముంచుకొస్తుందని భయమో అర్థం కాదు. ఆ నిబంధన ముందు మారాలి. అది మారితే కొరుక్కుపేటకు రోజుకు పది నిమిషాల తెలుగు బులెటిన్ సరిపోతుంది. కౌన్సిల్ మీటింగులో మన కౌన్సిలర్ ఏం అడిగారు, డ్రైనేజీ టెండరు ఎవరికిచ్చారు, రేషన్ కొట్లో పప్పు ఎప్పుడొస్తుంది, మూసేస్తామంటున్న తెలుగు బడి సంగతేమిటి. ఒక మైకు, సైకిల్ ఉన్న ఒక విలేకరి చాలు.

సెలవు. నమస్కారం.