చూరులో గ్లాసు

శ్రోతలకు నమస్కారం. కుల వివక్ష గురించి, సమాన అవకాశం గురించి నేను చదివిన కొన్ని పుస్తకాల మాట ఇవాళ చెబుతాను.

మా ఊరి బస్టాండు పక్కన తాటాకు పందిరి కింద ఒక టీ కొట్టు ఉండేది. బడి వదిలాక నేనూ, నాతో చదివే ఒక కుర్రాడూ అక్కడ ఆగేవాళ్ళం. నాకు టీ గాజు గ్లాసులో వచ్చేది. వాడు మాత్రం పందిరి చూరులో చెయ్యి పెట్టి, తాటాకుల్లో దోపి ఉన్న సత్తు గ్లాసు తీసేవాడు. కొట్టాయన చెంబుతో పైనుంచి నీళ్ళు పోస్తే కడుక్కునేవాడు. టీ కూడా అలాగే పైనుంచి పోసేవారు. తాగాక మళ్ళీ కడిగి చూరులో దోపేవాడు. నాలుగైదేళ్ళు రోజూ నా కళ్ళ ముందే జరిగింది ఇది. వాడి గ్లాసు అక్కడుంటుంది, నా గ్లాసు ఇక్కడుంటుంది అనుకున్నానే తప్ప, ఎందుకలా అని ఒక్కనాడూ అనుకోలేదు.

చాలా ఏళ్ళ తర్వాత ఒక చిన్న పుస్తకం చదువుతుంటే ఆ గ్లాసు గుర్తొచ్చింది. ‘వెయిటింగ్ ఫర్ ఎ వీసా’ అని అంబేడ్కర్ తన జీవితం నుంచి కొన్ని సంఘటనలు రాసి పెట్టుకున్నారు. ఆయన పోయిన చాలా ఏళ్ళకు, 1990లో అది విడిగా పుస్తకంగా వచ్చింది. పేజీలు కొన్నే. ఒక మధ్యాహ్నం కూర్చుంటే అయిపోతుంది. నాకైతే ఒక మధ్యాహ్నంతో అవలేదు లెండి.

1901 వేసవి సంగతి అది. అంబేడ్కర్‌కి పదేళ్ళు నిండుతున్నాయి. వాళ్ళ నాన్నగారు వేరే ఊళ్ళో క్యాషియర్ పనిలో ఉన్నారు. సెలవులకి రమ్మన్నారని పిల్లలు సాతారా నుంచి బయలుదేరారు. కొత్త చొక్కాలు, కొత్త చెప్పులు, మెరిసే టోపీలు, పట్టు అంచు పంచెలు. మొదటిసారి రైలెక్కుతున్న సంబరం. మసూర్ స్టేషన్లో దిగారు. నాన్న రాలేదు, పంపిన ఉత్తరం ఆయనకి చేరలేదు. ముచ్చటగా ఉన్న పిల్లల్ని చూసి స్టేషన్ మాస్టర్ దగ్గరికొచ్చి, ఎవరు బాబూ మీరు అని అడిగాడు. మేం మహార్లం అన్నారు వీళ్ళు. అప్పట్లో అంటరానివాళ్ళని దూరం పెట్టిన కులం అది. ఆయన మొహం మారిపోయింది.

అక్కడ బళ్ళు బోలెడున్నాయి. ఒక్క బండివాడూ ఎక్కించుకోనన్నాడు, రెట్టింపు ఇస్తామన్నా సరే. చివరికి స్టేషన్ మాస్టరే ఒక ఉపాయం చెప్పాడు: బండి మీరే తోలుకుంటారా అని. బండివాడు పక్కన నడుస్తాడు, రెట్టింపు కిరాయి పుచ్చుకుంటాడు, మైల పడడు. దారిలో తినడానికి ఇంటినుంచి తెచ్చుకున్న అన్నం ఉంది. నీళ్ళు లేవు. రాత్రి పొద్దుపోయాక టోల్ వసూలు చేసేవాడి గుడిసె దగ్గర ఆగి నీళ్ళడిగితే, మీకోసం ఇక్కడెవరు నీళ్ళు పెట్టారు, ఆ గుట్ట మీదున్నాయి పొండి అన్నాడు. అన్నం ఎదురుగా పెట్టుకుని, నీళ్ళు లేక, తినకుండా పడుకున్నారు పిల్లలు.

వివక్ష గురించి నేను చాలా పుస్తకాలు తిరగేశాను. సిద్ధాంతాలు, నివేదికలు, లెక్కలు. వాటి అవసరం వాటికుంది. కానీ రెట్టింపు డబ్బు తీసుకుని కూడా తను తోలకుండా, ఆ పిల్లల చేతే బండి తోలించిన మనిషి నాకు ఏ లెక్కల పట్టికలోనూ కనపడలేదు. బడిలో నౌకరు వచ్చి కొళాయి తిప్పితేనే ఆ పిల్లాడికి మంచినీళ్ళు. నౌకరు రాకపోతే ఆ పూటకి దాహమే. కూర్చోడానికి గోనెపట్టా రోజూ ఇంటినుంచి తెచ్చుకోవాలి, సాయంత్రం మళ్ళీ పట్టుకుపోవాలి. గది ఊడ్చే మనిషి కూడా దాన్ని ముట్టుకోడు మరి.

ఇలాంటి పుస్తకాలకో తలరాత ఉంది. లోపలి మనుషుల్ని రానివ్వనట్టే పుస్తకాన్నీ రానివ్వరు. 1936లో లాహోర్‌లోని జాత్ పాత్ తోడక్ మండల్ వాళ్ళు తమ వార్షిక సభకి అధ్యక్షత వహించమని అంబేడ్కర్‌ని పిలిచారు. పేరులోనే కులాన్ని తెంచేస్తామన్న సంఘం అది. ప్రసంగం ముందే రాసి పంపిస్తే, చదివి హడలిపోయి, కొన్ని మాటలు తీసెయ్యమన్నారు. కామా కూడా మార్చనన్నారాయన. సభే రద్దయింది. ఆయన సొంత డబ్బుతో 1500 కాపీలు అచ్చు వేయించారు. మనం ఇవాళ ‘కుల నిర్మూలన’ అని చదువుకునేది ఆ ప్రసంగాన్నే, ఎవరూ వినని ప్రసంగాన్ని.

మన తెలుగులో దానికి పద్నాలుగేళ్ళ ముందే ‘మాలపల్లి’ వచ్చింది. ఉన్నవ లక్ష్మీనారాయణ గారు గుంటూరు జిల్లా మనిషి, స్వాతంత్ర్యోద్యమంలో జైలుకెళ్ళి రాయవేలూరు జైల్లో రాశారు. 1922లో ఒక నవలకి ఆ పేరు పెట్టడమే పెద్ద సాహసం. మద్రాసు ప్రభుత్వం దాన్ని నిషేధించింది. ఆ ఊరి మాటతీరు, పాలేరుతనం, కూలి గొడవలు, భూస్వామి చౌదరయ్య చేతిలో సంగదాసు చావు, ఇవన్నీ అంతకుముందు నవలల్లో ఎక్కడున్నాయి? ఒక్కటి మాత్రం చెప్పాలి. సంగదాసు తండ్రి రామదాసు నాకు మరీ ఎక్కువ మంచివాడనిపిస్తాడు. ఎంత దెబ్బ తగిలినా వేదాంతం చెప్పి ఓర్చుకుంటాడు. బయటినుంచి ప్రేమతో చూసి రాసిన మనిషికి, వాడలో పుట్టినవాళ్ళ కోపం పూర్తిగా చేతికందలేదేమో అని నా అనుమానం. ఆ కోపం కావాలంటే 2000 సంవత్సరంలో వచ్చిన కళ్యాణరావు గారి ‘అంటరాని వసంతం’ దాకా రావాలి. అందులో రూతు చెప్పే ఎల్లన్న, సుభద్రల కథలో ఓర్పూ ఉంది, పాటా ఉంది, నిప్పూ ఉంది.

ఈ రెండింటికీ మధ్య జాషువా గారున్నారు. రేడియోలో మాట్లాడుతున్నాను కాబట్టి ఇది ముందు చెప్పాలి: ఆయన 1950ల చివర్లో మద్రాసు ఆకాశవాణిలో పనిచేశారు. అంతకు చాలా ముందు, కుర్రతనంలో, రాజమండ్రిలో మూకీ సినిమాలు ఆడుతుంటే పక్కన నిలబడి కథ చెప్పేవారు. ఆ గొంతు ఎలా ఉండేదో అని ఎన్నిసార్లు అనుకున్నానో. ‘గబ్బిలం’ 1941లో వచ్చింది. కబురు పంపడానికి కాళిదాసు యక్షుడికి మేఘం దొరికింది, నలుడికి హంస దొరికింది. మన కథానాయకుడు పస్తులున్న అరుంధతీసుతుడు, అంటే ఊరు అంటరానివాడని దూరం పెట్టిన మనిషి. అతని గుడిసెలోకి ఎవరొస్తారు? గబ్బిలం వస్తుంది. ఇంట్లో దూరితే అపశకునమని మనం చీపురు పట్టుకుని తరిమే గబ్బిలం. దానితోనే కాశీ విశ్వనాథుడికి కబురు పంపుతాడు. ఎందుకంటే అది గుళ్ళోకి పోగలదు. దేవుడికి దగ్గరగా తలకిందులుగా వేలాడగలదు. తను పోలేడు. పూజారి లేని వేళ చూసి నా సంగతి చెప్పమ్మా అని బతిమాలతాడు. గుళ్ళోకి గబ్బిలం వెళ్ళొచ్చు, మనిషి వెళ్ళకూడదు. ఇంతకన్నా పెద్ద వాదం ఎవరైనా చెయ్యగలరా?

ఆ కవికి మహాపండితుడు చెళ్ళపిళ్ళ వెంకటశాస్త్రి గారు స్వయంగా కాలికి గండపెండేరం తొడిగారు. 1970లో పద్మభూషణ్ వచ్చింది. ఆయన శ్మశానవాటిక పద్యాలు హరిశ్చంద్ర నాటకంలో కలిసిపోయి, ఎవరు రాశారో తెలియని పల్లెల్లో కూడా వన్స్ మోర్లు కొట్టించుకున్నాయి. ఆయన పద్యం చొరబడినన్ని వాకిళ్ళలోకి ఆయన్ని రానిచ్చి ఉండరు.

ఇప్పుడు సమాన అవకాశం మాట. రాజ్యాంగం 16వ అధికరణం ప్రభుత్వ ఉద్యోగాల్లో అందరికీ సమాన అవకాశం అంటుంది. ఈ మాట వచ్చిన చోటల్లా మన ఇళ్ళలో ఇంకో మాట లేస్తుంది: మరి మెరిట్ సంగతేంటి? మెరిటోక్రసీ అనే మాటకి ప్రాచుర్యం తెచ్చింది మైకేల్ యంగ్ అనే బ్రిటిష్ సామాజిక శాస్త్రవేత్త, 1958లో. మెచ్చుకుంటూ కాదు, వెక్కిరిస్తూ. తెలివికి మార్కులేసి పైకి తీసుకెళ్ళే సమాజం 2034 నాటికి ఎలా తయారవుతుందో ఊహించి రాశాడు. పైకెళ్ళినవాళ్ళు ఇదంతా మా గొప్పే అనుకుంటారు, కిందున్నవాళ్ళకి మీ చేతకానితనమే అని చెబుతారు. ఆ కథ చెప్పే ఘనుడు చివర్లో జనం తిరుగుబాటులో ప్రాణాలు పోగొట్టుకుంటాడు. తీరా ఆ వెక్కిరింపు మాటనే నాయకులు పొగడ్తగా వాడుతుంటే, 2001లో ముసలితనంలో యంగ్ పత్రికలో వాపోయాడు.

అవకాశమంటే అసలేమిటో వై.బి. సత్యనారాయణ గారి ‘మై ఫాదర్ బాలయ్య’ చదివితే తెలుస్తుంది. కరీంనగర్ ప్రాంతపు పల్లె వదిలి రైల్వేలో చేరిన కుటుంబం అది. రైల్వేలోనూ కులం లేకపోలేదు. కానీ నెల జీతం ఉంది, క్వార్టర్ ఉంది, దొర వెట్టి లేదు. బాలయ్య కొడుకుల్ని చదివించాడు. ఒక తరంలోనే ఆ ఇంట్లో ప్రొఫెసర్లు తయారయ్యారు. ఆ పిల్లల తెలివి ఎక్కడినుంచో ఊడిపడలేదు, పల్లెలో ఉన్నప్పుడూ ఉంది. చూరులో గ్లాసులాగా, ఎవరూ లోపలికి తీసుకోలేదంతే.

ఈ ప్రసంగం రాసుకునే ముందు నా పాత స్నేహితుడికి ఫోన్ చేశాను. వాడిప్పుడు తపాలా శాఖలో రిటైరై మనవళ్ళతో ఉన్నాడు. రేడియోలో మన టీ కొట్టు సంగతి చెప్పనా, నీకేమైనా అభ్యంతరమా అని అడిగాను.

“చెప్పుకో. పేరు చెప్పకు,” అన్నాడు.

“ఆ సత్తు గ్లాసు గుర్తుందా రా?”

“గ్లాసేం గుర్తు! దాన్లో రోజూ చీమలుండేవి. ముందవి దులుపుకోవాలి.” కాసేపాగి, మామూలుగానే అన్నాడు: “నువ్వు బెంచీ మీద కాళ్ళూపుకుంటూ తాగేవాడివి. అది గుర్తుంది.”

నమస్కారం.