‘నిదురించే తోటలోకి’: మహదేవన్ బాణీలో తగ్గిన ఒక్క మాత్ర

నమస్కారం. విజయవాడ పద్మావతి ఘాట్ మెట్ల మీద కూర్చుని ఈ సమీక్ష రికార్డు చేస్తున్నాను. మధ్యలో బస్టాండు హారన్లు వినిపిస్తే మన్నించండి. ఈ రోజు తీసుకున్నది ఒకే ఒక పాట. 1975లో వచ్చిన ‘ముత్యాల ముగ్గు’ కోసం గుంటూరు శేషేంద్ర శర్మ రాయగా, కె.వి.మహదేవన్ స్వరపరచగా, పి.సుశీల పాడిన ‘నిదురించే తోటలోకి’.

సాహిత్యం చేతికి అందిన తరువాత బాణీ కట్టడం మహదేవన్ గారి పద్ధతి. ఆయన మాతృభాష తెలుగు కాదు, సహాయకుడు పుహళేంది మలయాళీ. అయినా తెలుగు మాటను విరవకూడని చోట వీరిద్దరూ విరిచిన సందర్భం కోసం వెతకవలసిందే. ఉత్తమ సంగీత దర్శకుడి జాతీయ పురస్కారం 1967లో తొలిసారిగా ఆయనకే దక్కిందని, ‘శంకరాభరణం’తో మళ్ళీ వచ్చిందని అందరూ చెబుతారు. నాకు మాత్రం ఆయన పనితనం ఈ చిన్న పాటలోనే ఎక్కువగా కనిపిస్తుంది.

పాట వేస్తే హక్కుల ఫిర్యాదు వస్తుంది కనుక చదువుతాను, మీరు వేళ్ళ మీద మాత్రలు లెక్కపెట్టండి. మాత్ర అంటే ఒక పొట్టి అక్షరం పలికేంత కాలం; దీర్ఘానికి, సున్నా ఉన్న అక్షరానికి, ఒత్తక్షరానికి ముందున్న అక్షరానికి రెండేసి. ‘నిదురించే’ ఆరు, ‘తోటలోకి’ ఆరు, ‘పాట ఒకటి’ ఆరు, ‘వచ్చింది’ మాత్రం అయిదు. తగ్గిన ఆ ఒక్క మాత్ర దగ్గరే పల్లవికి ఊపిరి తీసుకునే చోటు దొరికింది. చరణంలో ‘విఫలమైన నా కోర్కెలు వేలాడే గుమ్మంలో’ అన్న పాదానికి వచ్చేసరికి నాలుగు భాగాలూ ఆరేసి మాత్రలతో నిండిపోయి, విరామానికి చోటే మిగలదు. బాణీ ముందుగా కట్టి కవి చేతిలో పెట్టి ఉంటే ఈ పాదాలన్నీ బహుశా ఒకే కొలతకు దిగేవి. కోరికలు గుమ్మానికి వేలాడడం సినిమా పాటకు అలవాటైన మాట కాదు; దాని మీద వాద్యాల సందడి పడితే వినేవారికి ఆ బొమ్మ కట్టేలోపే పాదం దాటిపోయేది.

ఒక ఫిర్యాదు కూడా ఉంది. చరణాల మధ్య వచ్చే వాద్యసంగీతం ఆ కాలపు అలవాటు ప్రకారం సాగిపోతుందే తప్ప పాటకు కొత్తగా ఏమీ చేర్చదు.

కానీ రేవు బావురుమంటోందని నావకు చెప్పమంటూ పక్షులను, మబ్బులను వేడుకునే చోటు వినండి. ‘బావురుమనడం’ మనం ఇంట్లో పిల్లల ఏడుపుకు వాడుకునే మాట. దానిని మోటుగా సాగదీయకుండా, అలాగని అందం కోసం మెత్తబరచకుండా, ఒక మనిషి మరో మనిషితో చెప్పుకున్నట్టే సుశీల గారి చేత పలికించారు. నేను కూర్చున్న ఈ రేవులో ఇప్పుడు ఒక్క నావా లేదు. కెమెరా ఆపేసి, ఆ చరణం మళ్ళీ పెట్టుకుంటాను.